చిలక బొమ్మ గేమ్ తీసేసిన రోజు

2023 మార్చి. మిషిగన్‌లో మార్చి వస్తే చలి పోయిందని మనం అనుకుంటాం, చలి అనుకోదు. ఫార్మింగ్టన్ హిల్స్‌లో ఒక ఇండియన్ గ్రోసరీకీ ఒక ట్యాక్స్ ఆఫీసుకీ మధ్య నా సెల్‌ఫోన్ రిపేర్ షాపు. అప్పటికి తెరిచి ఆరేళ్లయింది. పగిలిన స్క్రీన్లు, ఉబ్బిన బ్యాటరీలు, సాంబారులో మునిగిన ఫోన్లు, చార్జింగ్ పోర్టులో అక్షింతలు ఇరుక్కున్న ఫోన్లు, అన్నీ చూశాను. నా చేతివేగం మీద నాకు కాస్త గర్వం ఎక్కువే. "సుజాత దగ్గరికెళ్తే పది నిమిషాల్లో పని" అని ఈ చుట్టుపక్కల మనవాళ్లంతా చెప్పుకుంటారు. ఆ పది నిమిషాల గొప్పే ఒకసారి కొంప ముంచింది. నా కొంపే అయితే పోనీలే అనుకుందును. మునిగింది ఇంకొకాయన కష్టం.

ఆ సోమవారం మధ్యాహ్నం ఒక భార్యాభర్తలు వచ్చారు. ఆవిడ మాధవి గారు, గుంటూరు వాళ్లు, ఒక ల్యాబ్‌లో పని చేస్తారు. ఆయన సుధాకర్ గారు, కార్ల కంపెనీలో ఇంజనీరు. యాభై దాటి ఉంటాయి. కుడిచెయ్యి కోటు జేబులోనే ఉంది. ఎడమచేత్తో ఫోన్ తీసి కౌంటర్ మీద పెట్టారు.

"అర్జెంటండీ సుజాత గారూ. వచ్చే గురువారం ఈయనకి వీడియోలో స్పీచ్ ఎవాల్యుయేషన్ ఉంది. వాళ్ల యాప్ ఇన్‌స్టాల్ చేద్దామంటే స్టోరేజ్ లేదంటోంది" అన్నారు మాధవి గారు.

"ఎవాల్యుయేషన్ దేనికండీ?"

"పోయిన జూలైలో ఈయనకి స్ట్రోక్ వచ్చింది. మాట పడిపోయింది. థెరపీ చేయిస్తున్నాం. ఇప్పుడు ఇంప్రూవ్‌మెంట్ కనపడితేనే ఇన్సూరెన్స్ వాళ్లు కంటిన్యూ చేస్తారట. లేకపోతే అంతే, ఆపేస్తారు."

దీన్ని అఫేజియా అంటారట. ఎదుటివాళ్లు చెప్పేదంతా అర్థమవుతుంది, చెప్పాల్సింది మనసులో సిద్ధంగా ఉంటుంది, మాట మాత్రం నోటికి అందదు. ఇదంతా నాకు తర్వాత తెలిసింది. ఆ రోజు నాకు తెలిసిందల్లా ఆయన మాట్లాడరని. మాట్లాడని మనిషిని ఏం అడుగుతాంలే అనుకున్నాను. సిగ్గుగా ఉంది గానీ నిజమే చెప్తున్నాను.

ఫోన్ తెరిచి చూస్తే నవ్వొచ్చింది. నలభై ఒక్క గేములు! మిఠాయిలు పేల్చేవి, పిల్లికి గౌన్లు తొడిగేవి, కేకులకి క్రీము పూసేవి.

"సార్, కేకులు బాగా చేస్తరా మీరు?" అని ఆటపట్టించాను.

"అయ్యో, ఈయన గేములు ఆడరండీ. మా చిన్నదాని పైత్యం ఇదంతా. దాని ట్యాబ్లెట్‌లో ఏది వేస్తే అది ఈయన ఫోన్‌లోకి కూడా వచ్చేస్తుంది. ఎందుకో తెలీదు" అన్నారావిడ.

ఎందుకో నాకు తెలుసు. మనవాళ్ల ఇళ్లలో ఒక అలవాటుంది. అమెరికా వచ్చిన కొత్తలో ఇంటాయన తన ఫోన్‌కి ఒక ఐడీ తెరుస్తాడు. తర్వాత భార్య ఫోన్‌కీ అదే ఐడీ, పిల్లల ట్యాబ్లెట్లకీ అదే ఐడీ. పాస్‌వర్డ్ పెద్దపిల్ల పేరు, పక్కన పుట్టిన సంవత్సరం. నాలుగు పరికరాలకి ఒకటే తాళం అన్నమాట. దానికి తోడు ఆటోమేటిక్ డౌన్‌లోడ్ అనే సెట్టింగ్ ఆన్‌లో ఉంటే, ఒకచోట వేసిన యాప్ మిగతా మూడుచోట్లా దానంతటదే దిగిపోతుంది. ఎనిమిదేళ్ల పిల్ల సోఫాలో కూర్చుని కేకు గేమ్ వేసుకుంటే, తండ్రి ఫోన్‌లో జాగా తగ్గిపోతుంది.

"గేములన్నీ తీసిపారేయండి" అన్నారు మాధవి గారు. నేను స్టోరేజ్ లిస్టు తెరిచాను. ఏ యాప్ ఎంత జాగా తింటోందో అందులో వరసగా ఉంటుంది. ఒక్కోదాని పేరు కింద సన్నటి అక్షరాలతో 'లాస్ట్ యూజ్డ్' అని, చివరిసారి ఎప్పుడు వాడారో కూడా ఉంటుంది. తీసేయడానికి రెండు దారులు. ఆఫ్‌లోడ్ నొక్కితే యాప్ పోతుంది, అందులో మనం దాచుకున్నది ఉంటుంది. డిలీట్ నొక్కితే రెండూ పోతాయి. గేములకి ఆఫ్‌లోడ్ ఎందుకని నేను టకటకా డిలీట్ కొట్టుకుంటూ పోయాను.

సగం దాటాక పసుపు రంగు చిలక బొమ్మతో ఒకటి వచ్చింది. చిన్నపిల్లలకి బొమ్మలు చూపించి మాటలు నేర్పే గేమ్. అప్పుడే సుధాకర్ గారు ఎడమ అరచేత్తో కౌంటర్ మీద రెండుసార్లు కొట్టారు.

"అయిపోయింది సార్, రెండే నిమిషాలు" అన్నాను గట్టిగా. ఆయనకేదో చెవుడున్నట్టు.

"వెయిటింగ్ అంటే ఆయనకి చిరాకండీ" అన్నారు మాధవి గారు.

ఆయన మళ్లీ కొట్టారు. ఆయన ఏమంటున్నారో మేమిద్దరం మాలో మేమే తేల్చేసుకున్నాం. నేను డిలీట్ నొక్కాను.

పని అయ్యాక వాళ్ల యాప్ ఇన్‌స్టాల్ చేసి ఫోన్ ఆయన చేతికిచ్చాను. ఆయన బొటనవేలితో స్క్రీన్ అటూ ఇటూ జరిపి వెతికారు. మళ్లీ మొదట్నుంచి వెతికారు. తర్వాత ఫోన్‌ని కౌంటర్ మీద బోర్లా పెట్టి బయటికి నడిచారు. మాధవి గారు సారీ చెప్పి, ఫోన్ తీసుకుని ఆయన వెనక పరుగెత్తారు. "ఏం కోపం మనిషమ్మా" అనుకుని నేను తర్వాతి ఫోన్ అందుకున్నాను.

మర్నాడు మూడున్నరకి పదహారేళ్ల అమ్మాయి తలుపు తోసుకొచ్చింది. స్కూల్ బ్యాగు భుజానే ఉంది.

"ఆంటీ, నిన్న మా నాన్న ఫోన్ మీరే చేశారా? ప్యారట్ గేమ్ ఏది? డిలీట్ చేశారా?"

"నువ్వెవరమ్మా?"

"అనిక. సుధాకర్ గారు మా నాన్న. ఆ గేమ్‌లో కార్డ్స్ అన్నీ నేను చేసింది. ఆల్ ఆఫ్ ఇట్." అప్పటిదాకా కోపంగా ఉన్న పిల్ల ఒక్కసారిగా ఏడ్చేసింది.

కూర్చోబెట్టి మంచినీళ్లిచ్చాక చెప్పింది. ఆ పిల్ల తెలుగు అమెరికా యాసలో ఉంటుంది, చివర్లు విరుగుతుంటాయి, కానీ చెప్పాల్సింది సూటిగా చెప్తుంది.

"నాన్నకి ఆఫీస్‌లో ఇంగ్లీష్. ఇంట్లో ఓన్లీ తెలుగు. హోమ్ లాంగ్వేజ్‌లో ప్రాక్టీస్ చేస్తే ఫాస్ట్‌గా వస్తుంది అని థెరపిస్ట్ చెప్పింది. ఎవాల్యుయేషన్‌కి తెలుగు ఇంటర్‌ప్రెటర్‌ని కూడా పెడతారు. కానీ తెలుగు యాప్ లేదు ఆంటీ, నేను చాలా వెతికాను. ఈ గేమ్‌లో మన ఫోటో పెట్టొచ్చు, మన వాయిస్ పెట్టొచ్చు. సో నేను పెట్టాను. కళ్లజోడు, మజ్జిగ, తాళాలు, మా చెల్లి దియా, నేను. వన్ ఫార్టీ కార్డ్స్."

"మీ అమ్మకి తెలీదా?"

"నాన్న చెప్పొద్దన్నాడు. ఇలా." పెదాల మీద వేలు పెట్టి చూపించింది. "అమ్మ ఉంటే, నాన్న వర్డ్ స్టార్ట్ చేయగానే అమ్మ ఫినిష్ చేస్తుంది. పాపం హెల్ప్ అనుకుంటుంది. నాన్నకి సిగ్గు. అందుకే అమ్మ జాబ్ నుంచి వచ్చే ముందు చేస్తాం, రోజూ. లాస్ట్ వీక్ అమ్మ పేరు హాఫ్ చెప్పాడు ఆంటీ. 'మా' వరకు వచ్చాడు."

ఆ సన్నటి అక్షరాలు అప్పుడు గుర్తొచ్చాయి. మిగతా గేముల కింద ఎప్పటివో పాత తేదీలున్నాయి, కొన్నిటి కింద అసలు తేదీయే లేదు. చిలక కింద మాత్రం తాజా తేదీ ఉండే ఉంటుంది. నేను చదవలేదు. ఆ మనిషి చేత్తో కొట్టి మరీ చెప్పినా వినలేదు.

అనిక బ్యాగులోంచి నాన్న ఫోన్ తీసి ఇచ్చింది. క్లౌడ్ బ్యాకప్ వెతికాను. బ్యాకప్ అంటే ఫోన్‌లో ఉన్నదానికి బయట దాచే నకలు. నాలుగు పరికరాలూ ఒకే ఐడీ మీద ఉండటంతో ఆ జాగా కూడా ఎప్పుడో నిండిపోయి, ఎనిమిది నెలలుగా నకలు తీయడమే ఆగిపోయింది. గేమ్ మళ్లీ దించి చూస్తే చిలక వచ్చింది గానీ కార్డులు లేవు. నాకు తెలిసిన కిటుకులన్నీ ప్రయత్నించాను. ఫోటోలు మాత్రం గ్యాలరీలో ఉన్నాయి.

"బొమ్మలున్నాయమ్మా. గొంతు పోయింది. నాదే తప్పు" అన్నాను.

ఆ పిల్ల కళ్లు తుడుచుకుని వేళ్ల మీద లెక్కపెట్టింది. తర్వాత "ఎవాల్యుయేషన్‌కి నైన్ డేస్ ఉంది" అంది.

"మీ నాన్నని రేపు తీసుకురా. నా వెనక గదిలో ఏ చప్పుడూ ఉండదు. మళ్లీ రికార్డ్ చేద్దాం, నేను కూర్చుని ఎక్కిస్త."

"ఆయన రాడు. మీ మీద మ్యాడ్‌గా ఉన్నాడు."

"రాకపోతే నేనే మీ ఇంటికొస్త. తిడితే పడత."

బుధవారం ఆయన వచ్చారు. నేను అనికతో కాకుండా ఆయన వైపు తిరిగి, మామూలు గొంతుతో చెప్పాను. "సార్, నాది తప్పయింది. ఫోన్ మీది, అడిగింది వేరేవాళ్లని. మీరు ఆపినా ఆగలేదు." ఆయన నన్ను ఎగాదిగా చూశారు. ఎడమచేత్తో నా కుర్చీ చూపించారు, కూర్చోమని. అంతే, పని మొదలైంది.

బొమ్మలు నేను ఎక్కించేదాన్ని, అనిక మాట రికార్డ్ చేసేది. రోజూ మూడున్నర నుంచి ఐదింటిదాకా, తలుపు మీద 'బ్యాక్ ఇన్ ఎ బిట్' బోర్డు పెట్టేదాన్ని. పది నిమిషాల సుజాత గంటన్నర షాపు మూసి కూర్చుందని పక్క గ్రోసరీ వాళ్లు ఆశ్చర్యపోయారు. రెండో రోజు పోపులడబ్బా బొమ్మ వచ్చింది. అనిక తన యాసలో ఆ మాట అనేసరికి సుధాకర్ గారు ఫక్కున నవ్వారు. ఆయన నవ్వు అదే మొదటిసారి వినడం.

"ఏంటి నాన్నా? నువ్వు చెప్పు అయితే" అని ఫోన్ ఆయన ముందు పెట్టింది ఉడుక్కుంటూ.

ఆయన నవ్వు ఆపేశారు. నుదురు ముడిపడింది. "పో..." అన్నారు. ఆగారు. మళ్లీ "పో..." నా నాలుక చివర ఆ మాట దురద పెట్టింది. చెప్పేస్తే ఒక్క క్షణం పని. రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని కూర్చున్నాను. ఎంతసేపయిందో తెలీదు.

"పోపు... డబ్బా."

అనిక ఎగిరి గంతేసింది. అనిక మొదలుపెట్టిన రికార్డింగ్ ఇంకా నడుస్తూనే ఉంది కాబట్టి ఆ మాట చిలకలోకి ఎక్కింది. అప్పటినుంచి ఆయనకి వచ్చిన మాటలు ఆయన గొంతుతోనే పెట్టాం, రానివి అనిక గొంతుతో. తన గొంతు తానే వింటుంటే ఆయన ముఖంలో వచ్చిన వెలుగు చూసి, పాత కార్డుల కోసం పడ్డ బెంగ కొంచెం తగ్గింది నాకు.

మాధవి గారికి చెప్పాలా వద్దా అని అనిక నన్ను అడిగింది. "నన్ను అడుగుతవేంటి? నాన్ననే అడుగు" అన్నాను. ఆయన అప్పుడు వద్దన్నట్టు చెయ్యి ఊపారు. ఎవాల్యుయేషన్‌కి రెండు రోజుల ముందు మాత్రం ఆయనే భార్య ఫోటో చూపించి, తలుపు వైపు చూపించారు, పిలవమని.

మాధవి గారు వచ్చి గుమ్మం దగ్గరే నిలబడిపోయారు. స్క్రీన్ మీద ఆవిడ ఫోటో ఉంది. ఆయన దాన్ని చూడలేదు, ఆవిణ్నే చూశారు. "మా..." అన్నారు. ఆవిడ పెదాలు కదిలాయి. అనిక "అమ్మా, ప్లీజ్" అంది. మాధవి గారు రెండు చేతులతో తన నోరు తానే మూసుకున్నారు.

"మా... ధు."

పెళ్లయిన కొత్తలో అలాగే పిలిచేవారట. ఆవిడ అక్కడే చతికిలబడి ఏడ్చారు. నేనూ ఏడ్చాను, దాచడమెందుకు.

గురువారం ఎవాల్యుయేషన్ అయింది. సాయంత్రం అనిక మెసేజ్ పెట్టింది, థెరపీ ఇంకో ఆరు నెలలు ఇచ్చారని. ఆ ఆదివారం వాళ్లింటికి వెళ్లి నలుగురికీ నాలుగు ఐడీలు తెరిచి, ఫ్యామిలీ గ్రూపులో కలిపి, ఆటోమేటిక్ డౌన్‌లోడ్ ఆపేసి, బ్యాకప్ పెట్టాను. దియా కేకులు దియా ట్యాబ్లెట్‌కే పరిమితమయ్యాయి.

ఆ కేసు తర్వాత నా పని నెమ్మదించింది. ఎవరు ఫోన్ తెచ్చినా ముందు "ఇది ఎవరిది?" అని అడుగుతాను. పక్కవాళ్లు ఎంత గట్టిగా చెప్పినా సరే, ఫోన్ ఆ మనిషి వైపు తిప్పి, ఒక్కో యాప్ కింద ఉన్న సన్నక్షరాలు పైకి చదువుతాను. జవాబు వచ్చేదాకా చెయ్యి పెట్టను. కొందరు విసుక్కుంటారు, విసుక్కోనీ.

అయినా పాత అలవాటు ఎక్కడికి పోతుంది? అక్టోబర్‌లో సుధాకర్ గారు బ్యాటరీ మార్పించడానికి వచ్చారు, వెంట మాధవి గారు. బ్యాటరీ వేసి, స్టోరేజ్ ఎలా ఉందో చూద్దామని లిస్టు తెరిచాను. ఆవిడతో దియా కబుర్లు చెప్తున్నాను. మధ్యలో ఒక పెద్ద గేమ్ కనబడింది. మాటల్లో పడి నా బొటనవేలు డిలీట్ వైపు వెళ్లింది.

కౌంటర్ మీద ఎడమ అరచెయ్యి పడింది. రెండుసార్లు. నా వేలు అక్కడే ఆగింది.

"ఆగమ్మా" అన్నారు సుధాకర్ గారు.

మాధవి గారు నోరు విప్పలేదు. నేనూ విప్పలేదు. ఆయన ఊపిరి తీసుకున్నారు.

"చెస్... నాది. రోజూ... ఆడతా."

నేను వేలు తీసేసి ఫోన్ ఆయన వైపు తిప్పాను. "ఇంకేమేం ఉంచాలి సార్?" అని అడిగాను. ఆయన లిస్టు పైనుంచి మొదలుపెట్టారు. అరగంట పట్టింది.