కప్ప గుండె పగ

మా ఆయన అక్కగారు, అంటే మా వదిన, మందుల శాస్త్రంలో దిట్ట. ఏ మందు ఒంట్లోకి వెళ్ళి ఏ అఘాయిత్యం చేస్తుందో నిద్రలో లేపి అడిగినా చెబుతుంది.

వయసులో ఉండగా వైద్య కళాశాల ప్రయోగశాలలో చేరింది. అప్పట్లో కప్ప గుండెను విడిగా తీసి, ఉప్పునీటితో బతికించి, దానికో సన్నని పుల్ల తగిలించేవారట. పక్కన మసి పట్టించిన కాగితం గుండ్రంగా తిరుగుతుంటే, గుండె కొట్టుకున్నప్పుడల్లా పుల్ల దాని మీద గీత గీసేది. సాయంత్రం వదిన ఇల్లు చేరేసరికి ముక్కు మీద మసి, చెవి వెనక మసి. "బొగ్గుల కొట్లో పనా?" అని పక్కింటావిడ జాలిపడిందట.

ఒక వేరు రసం గుండె మీద ఎలా పనిచేస్తుందో వదిన అలా కనిపెట్టింది. వ్యాసం అచ్చయింది. పేరు మాత్రం శాఖాధిపతిది, ఆయనొక్కడిదే. వెళ్ళి అడిగితే గదినిండా జనం ముందు, "నీ పేరెందుకమ్మా? వేస్తే రేపు కప్ప కూడా తన పేరు వెయ్యమంటుంది" అన్నాడు. అందరూ నవ్వారు. ఖర్మ కాలి, మొహమాటానికి వదిన కూడా నవ్వింది. తన ఆ నవ్వు తలుచుకున్నప్పుడల్లా ఇప్పటికీ పళ్ళు నూరుతుంది.

తర్వాత పాఠాలు చెబుతూనే వైద్య చరిత్రలో పడింది. జలగల వైద్యం, నెత్తురు తీసే మంగళ్ళు, పాత మందుల కొట్లు, ఒక్కొక్కటే తవ్వి పుస్తకాలు రాసింది. "చరిత్రెందుకు వదినా?" అంటే, "మందుతో పగ తీర్చుకుంటే పోలీసులొస్తారే. చరిత్రతో తీర్చుకుంటే సన్మానం చేస్తారు" అనేది. హాస్యమనుకున్నాను.

చివరికి కళాశాల చరిత్ర రాయమని ఆవిడనే అడిగారు. ఆ కబురు తెలిసిన వారానికే పాత శాఖాధిపతి, పండు ముసలాయన, యాపిల్ పళ్ళ సంచీతో, వదిన మాతోనే ఉంటోంది కాబట్టి, మా గుమ్మంలో ప్రత్యక్షం.

"నా అధ్యాయం ఎంతవరకూ వచ్చిందమ్మా?"

"ఇంకా జలగల దగ్గరే ఉన్నాం సార్. కూర్చోండి, వినిపిస్తాను."

కాలు కిర్రుమనే కుర్చీలో కూర్చోబెట్టి జలగల అధ్యాయం మొత్తం వినిపించింది. చక్కెర లేని టీ ఇప్పించింది. మళ్ళీ వచ్చాడు, మళ్ళీ జలగలే. నాకే జాలేసింది.

"పాపం, పెద్దాయన వదినా!"

"పెద్దాయన కాబట్టే ఇలా విసిగిస్తున్నానే. సొంత నోటితో నిజం ఒప్పుకోకుండా పోయాడంటే ఆ అబద్ధమే మిగిలిపోతుంది."

ఒకరోజు డాక్టరైన ఆయన కూతురు ఫోన్ చేసింది. నాన్న ఇక ఇల్లు కదల్లేరంది. వదిన టేప్ రికార్డరు పట్టుకుని నన్ను వెంటేసుకుని బయలుదేరింది.

మంచం మీద దిండ్లకి ఆనుకుని ఆయన హుషారుగా చెప్పుకుపోయాడు. ప్రయోగశాల తెరవడానికొచ్చిన మంత్రి కారు రంగు గుర్తుంది. తనకు వేసిన దండలో పూలు గుర్తున్నాయి.

"మరి ఆ వేరు ప్రయోగం మీరే చేశారా సార్?"

"ఇంకెవరు చేస్తారు? నా చేతులతో చేశాను."

"రసం చుక్క పడగానే గుండె ఏం చేసింది?"

ఆయన కూతురి వైపు చూశాడు. ఆవిడ ఆసక్తిగా ముందుకు వంగింది.

"వేగంగా కొట్టుకుంది," అన్నాడు.

వదిన సంచీలోంచి ఆయన వ్యాసమే తీసి ఆ కూతురి చేతికిచ్చింది. "మూడో పేరా పైకి చదవమ్మా."

"రసం పడగానే గుండె పూర్తిగా ఆగిపోయి..." ఆవిడ తలెత్తి తండ్రిని చూసింది, "తర్వాత నెమ్మదిగా, బలంగా కొట్టుకుంది."

"ఆగిపోగానే చచ్చిందనుకుని ఏడ్చాను," అంది వదిన. "చూసినవాళ్ళెవరూ మర్చిపోరు సార్."

ముసలాయన దుప్పటి గడ్డం దాకా లాక్కున్నాడు.

పుస్తకంలో ఆయనకు పెద్ద ఫోటో, పూర్తి అధ్యాయం దక్కాయి. ప్రశ్నలూ జవాబులూ పొల్లుపోకుండా వేసి, కింద ఆ మూడో పేరా కూడా అచ్చువేయించింది. పుస్తకం చూసి కూతురు ఫోన్ చేసింది.

"వయసైపోయిన మనిషి ఆంటీ. వచ్చే ముద్రణలోనైనా ఆ పేజీ తీసెయ్యండి."

"పేరు తీసెయ్యడం మీ ఇంటి అలవాటమ్మా. మాకు లేదు," అని పెట్టేసింది.

ఇక శాంతిస్తుందేమోనని మొహంలోకి చూశాను. అబ్బే! ఫోన్ మీద చెయ్యి తియ్యకుండానే అడిగింది:

"ఆరోజు గదిలో నవ్వినవాళ్ళలో ఇంకా ఎవరెవరు బతికున్నారంటావే?"