గీత తర్వాత ఖాళీ

పక్కింటి పెద్దాయన పోయారు. అరిజోనాలో ఉండే కొడుకు నాకు రాసిన ఈమెయిల్‌లో అది రెండో వాక్యం. మా దగ్గరున్న ఆ ఇంటి తాళంచెవి, ఇల్లు అమ్మిపెట్టే రియల్టర్‌కి ఇవ్వమన్నది మొదటిది.

మేముండే ప్లెయిన్స్‌బరోలో మాకు పెద్దదిక్కు ఆయనే. ఆయన ముత్తాత జర్మనీ నుంచి ఓడెక్కి వచ్చిన వడ్రంగి. భార్య పోయాక ఆ వంశం ఆనవాళ్లు వెతకడమే ఆయన పని. చూపు మందగించాక శనివారాలు నేను డ్రైవ్ చేసేవాణ్ని. పాత శ్మశానాల్లో అరిగిపోయిన రాళ్లను మెత్తటి బ్రష్‌తో కడిగేవారు. నన్ను అద్దం పట్టుకుని ఎండను పక్కనుంచి మళ్లించమనేవారు. నీడ పడి అక్షరాలు తేలేవి. పేరు దొరికితే ఇద్దరం పైకి చదివేవాళ్లం. చనిపోయిన సంవత్సరం కనిపించకపోతే మాత్రం ఆయన నీరసపడిపోయేవారు.

"ఎప్పుడు పోయాడో తెలియకపోతే నా దారి అక్కడితో ఆగిపోయినట్టే," అనేవారు.

మా వాళ్ల సమాధులెక్కడని ఒకసారి అడిగారు. కాల్చి, బూడిద గోదావరిలో కలుపుతామన్నాను.

"మరి నీ మనవలు వెతుక్కుంటూ వస్తే?"



చివరికి ముత్తాత పుట్టిన ఊరు దొరికింది. ఆ ముత్తాత తల్లిదండ్రుల సమాధి మట్టి తెచ్చుకుంటానని, మా ఆవిడ దగ్గర ఖాళీ ఊరగాయ సీసా అడిగి తీసుకుని జర్మనీ వెళ్లారు. అక్కడ సమాధికి గడువుంటుందట. ఎవరూ పొడిగించకపోతే రాయి తీసేసి, ఆ చోట ఇంకొకరిని పూడుస్తారట. ఈయన వెళ్లేసరికి అక్కడ వేరే పేర్లున్నాయి. కడిగిన సీసా కడిగినట్టే తిరిగొచ్చింది.

"అందరం ఇక్కడికొచ్చేశాం. పొడిగించడానికి అక్కడెవరున్నారు?" అన్నారు, సీసా మా ఆవిడ చేతికిస్తూ. ఆ తర్వాత శనివారాలు ఎప్పుడు పిలిచినా "ఇంకెందుకులే" అన్నారు. పోయిన చలికాలం కొడుకొచ్చి తన ఊళ్లో వృద్ధాశ్రమానికి తీసుకెళ్లాడు.

భార్య సమాధి పక్కనే ఆయన తనకూ చోటు కొనుక్కున్నారు. తన పేరు, పుట్టిన సంవత్సరం, పక్కన ఒక గీత ముందే చెక్కించుకున్నారు. గీత తర్వాత చోటు చనిపోయిన సంవత్సరానికి. ఇక్కడ అది మామూలే. "నన్ను వెతికేవాడు కష్టపడకూడదు," అనేవారు.

కొడుక్కి ఫోన్ చేశాను. బూడిద వాళ్ల ఇంటి వెనక కొండల్లో చల్లేశాడట. రాయి సంగతి అడిగితే "చూద్దాం, కొంచెం బిజీ" అన్నాడు. చెడ్డవాడేం కాదు. ఆ సంవత్సరం నేనే చెక్కిస్తానంటే శ్మశానం ఆఫీసులో కుటుంబం సంతకం కావాలన్నారు.

నిన్న మా ఆవిడా నేనూ ఆ రాయి దగ్గరికి వెళ్లాం. అలవాటుకొద్దీ బకెట్, బ్రష్ తీసుకెళ్లాను.

"ఈయన్ని వెతుక్కుంటూ ఎవరైనా వస్తే ఎలాగండీ?" అంది తను.

నేను కడుగుతూనే ఉన్నాను. పేరు పైకి చదివాను. పుట్టిన సంవత్సరం చదివాను. గీత తర్వాత నున్నటి రాయి, దాని మీద ఆరిపోతున్న నీళ్లు.