ఎర్ర తువ్వాలు ఆరవేయని నాడు

పాటకు మంచి గొంతు కావాలని లోకమంతా అంటుంది. మంచి ఇరుగుపొరుగు కూడా కావాలన్న సంగతి, ఇలోయిలో నగరపు హారో పేటలో, బట్టలుతికే అంగడిలో ఇస్త్రీ పని చేసుకుని బ్రతికే మారిడెల్‌కు తెలిసినంతగా మరెవరికీ తెలియదు.

ఆమె పుట్టి పెరిగిన వీధిలో ఇళ్ళు ఒకదాని భుజం మీద ఒకటి తల వాల్చి నిలిచినట్టుంటాయి. ఈ ఇంట తుమ్మితే ఆ ఇంట దీవిస్తారు. తెల్లవారింది మొదలు మూడు చక్రాల బండ్ల మోతలు, పందెపు కోళ్ళ కూతలు, రేకుల కప్పుల మీద పిల్లుల పరుగులు. సాయంకాలమైతే ఏదో ఒక ముంగిట పాటల పెట్టె ముందు చేరి, పుట్టినరోజు పేరు చెప్పో, జీతం వచ్చిన పేరు చెప్పో, ఎవరో ఒకరు మైకు పట్టుకుని గొంతెత్తుతూనే ఉంటారు. పాడనివాణ్ణి ఆ వీధివారు ఒంట్లో బాగాలేదా అని పరామర్శిస్తారు. అటువంటి చోట చక్కగా పాడే పిల్ల ఒకతె ఉన్నదంటే వింత కాదు. ఆ పిల్ల పాట చెదరకుండా ఫోనులోకి ఎక్కడమే వింత.

మొదటిసారి చెదరకుండా ఎక్కనూ లేదు. అన్న ఎల్మెర్, మూడు చక్రాల బండి నడిపేవాడు, ఎవరో వాడి వదిలిన ఫోను ఒకటి కొని తెచ్చి, చెల్లెల్ని వంటింట నిలబెట్టి, తాను గిటారు వాయిస్తూ ఆమెచేత ఒక పాత విరహగీతం పాడించాడు. సరిగ్గా గుండె కరగవలసిన చోట పొరుగింటి తిబుర్సియో పుంజు గొంతు చించుకుని కూసింది. తీసివేయడం తెలియక ఎల్మెర్ దాన్ని అలాగే ఇంటర్నెట్టులో పెట్టాడు. కుడి పక్కింటి అవ్వ లోలా కొన్సింగ్, కొబ్బరాకులో చుట్టి ఉడికించిన బంకబియ్యపు ముద్దలు అమ్ముకునే ముసలామె, ఆ వీడియోను హాంకాంగులో ఇంటిపని చేసే తన కూతురు మెర్లిండాకు పంపించింది. అక్కడ ఆదివారం సెలవు పూట, కాలిబాట నీడలో అట్టముక్కలు పరుచుకుని కూర్చునే పనికత్తెలంతా ఒక్క ఫోను చుట్టూ చేరి విన్నారు. విని, “పాటకు కాదమ్మా, కోడి కూతకు ఏడ్చాం. మా ఇల్లు గుర్తొచ్చింది. ఇంకోటి పాడు” అని రాశారు.

మారిడెల్ ఇంకోటి పాడింది. తరువాత మరొకటి. ఇస్త్రీ పెట్టె ముందు నిలుచుని వారమంతా ఆ ఆడవాళ్ళు కోరిన పాటలు నెమరు వేసుకునేది. సెలవునాడు పాడి పంపేది. ఒకతె తన తల్లి పాడిన జోలపాట అడిగింది; మరొకతె, తనను విడిచిపోయిన మగవాడికి ఇష్టమైన పాటే కావాలని పట్టుబట్టింది. ఏళ్ళు గడిచేకొద్దీ వినేవారు హాంకాంగు దాటి, ఓడల మీది నావికుల దాకా పెరిగారు. అన్నీ ఎవరో ఎప్పుడో పాడిన పాటలే. ఆమె చేసిందల్లా వాటిని కావలసినవారికి అందజేయడం.

వీధి కూడా నేర్చుకుంది. తల్లి ఫెలీసా తీగ మీద ఎర్ర తువ్వాలు ఆరవేసిందంటే పాట మొదలవుతున్నదని గుర్తు. అప్పుడు బండ్లవారు సందు మొదటనే యంత్రం ఆపి తోసుకుంటూ వచ్చేవారు. తిబుర్సియో పుంజును చొక్కాలో దాచుకుని దాని మెడ నిమురుతూ కూర్చునేవాడు. ఎవరైనా మరచి అరిస్తే లోలా కొన్సింగ్ తన గరిటెతో గిన్నె మీద ఒక్క దెబ్బ వేసేది. ఆ దెబ్బ కూడా కొన్ని పాటల్లో వినబడుతుంది.

ఇలా ఉండగా బోరకాయ్ దీవి తీరాన ఒక పెద్ద హోటలులో పాటల ఏర్పాటు చూసే డెల్ఫిన్ అనే ఆయన ఆ వీడియోలు చూశాడు. అక్కడ రోజూ సాయంత్రం పాడే మనిషి ఒకరు కావలసి వచ్చింది. ఆయన కబురు సూటిగా ఉన్నది: “వీడియోల్ని నమ్మను. శనివారం పొద్దున ఒక పాట పంపుతాను. ఒక్క వాయిద్యంతో, ఆపకుండా, అతకకుండా పాడి నాలుగింటిలోగా పంపాలి. నచ్చితే పిలుస్తాను.” పాట పాడి జీతం తీసుకోవడమన్నది మారిడెల్ అంతవరకు కలలోనైనా అనుకోని సంగతి. ఆ వారమంతా ఇస్త్రీ పెట్టె కింద చొక్కాల కాలర్లు మాడాయి.

ఆ వారంలోనే లోలా కొన్సింగ్ నిద్రలో కన్ను మూసింది.

మెర్లిండా విమానమెక్కి వచ్చింది. శవపేటికను అవ్వ ఇంటి వాకిట పెట్టి, వీధికి అడ్డంగా డేరా వేశారు. ఆదివారం ఖననం. అంతవరకు పోయినామెను క్షణమైనా ఒంటరిగా విడవకూడదు గనుక వీధి యావత్తూ వంతులవారీగా మేలుకున్నది. పేకముక్కల బల్లలు, కాఫీ, బిస్కట్లు, వేయించిన పల్లీలు, నవ్వులు, అవ్వకు ఇష్టమైన పాటలు. ఆ ఊళ్ళో చావింట సందడి తగ్గడమే అపచారం.

శనివారం పొద్దున పాట వచ్చింది. మారిడెల్ దానిని రెండు మార్లు విని, తల్లి వంక చూసింది. తల్లి కిటికీలోంచి డేరా వంక చూసింది.

“తువ్వాలు మాట మాత్రం తలపెట్టకు. చావు వాకిట ఎర్రగుడ్డ ఎగరేస్తే మనల్ని మనుషులంటారా?”

“నేనడిగానా, నానాయ్?” అంది మారిడెల్ తల్లితో.

“నోరు అడగలేదు. మొహం అడుగుతోంది.”

మారిడెల్ తెల్ల చొక్కా తొడుక్కుని డేరాలోకి వెళ్ళి కాఫీ అందించసాగింది. మోలో పేటలో పినతల్లి కూతురు లోర్నా ఇల్లు తోటలో, రోడ్డుకు దూరంగా ఉంటుంది. మధ్యాహ్నం తన వంతు తీరగానే అక్కడికి పోయి పాడుకోవచ్చునని ఎల్మెర్ ఆలోచన. కాని ఎల్మెర్ నోట నువ్వుగింజ నానదు. ఆ సంగతి అప్పుడే మెర్లిండా చెవిని పడింది.

“ఇందాయ్, ఇటు రా,” అని ఆమె, ఆడపిల్లలను ముద్దుగా పిలిచే పిలుపుతో, మారిడెల్‌ను చేయిపట్టి పక్కన కూర్చోబెట్టుకుంది. “ఎక్కడికో పోవడమెందుకే? ఓ పావుగంట అందర్నీ నోళ్ళు మూసుకోమంటాను. మా అమ్మ ఏమీ అనుకోదు.”

“నా కోళ్ళకి నేను పూచీ,” అన్నాడు తిబుర్సియో పేకముక్కల మీంచి తలెత్తకుండానే.

“వద్దు మానాంగ్, వద్దక్కా,” అంది మారిడెల్. “ఇన్నేళ్ళు నా కోసం లోలా ఈ వీధి నోరు మూయించింది. ఇవాళ ఆవిడ చుట్టూ సందడుండాలి. నా పని కోసం ఆవిణ్ణి ఒంటరిదాన్ని చేస్తే ఆ పాట నా గొంతు దాటదు.”

“అబ్బో! ఉద్యోగం రాకముందే హోటలు పాటగత్తెలా మాట్లాడుతోంది చూడండి,” అన్నాడు తిబుర్సియో. బల్ల చుట్టూ ఉన్నవారు నవ్వారు. మెర్లిండా కూడా కళ్ళు తుడుచుకుంటూ నవ్వి, “అయితే వెళ్ళు, పాడి రా” అంది. సాగనంపడానికి మాత్రం లేవలేదు. చావింటివారు ఎవరినీ సాగనంపకూడదని పద్ధతి.

అన్నాచెల్లెళ్ళు గిటారును బండిలో వేసుకుని మోలోకు పరుగు తీశారు. ఆ తొందరలోనే పొరపాటు జరిగిపోయింది.

లోర్నా చంటిబిడ్డను భుజాన వేసుకుని తలుపు సగమే తెరిచింది. “ఎక్కణ్ణుంచి రాక?”

“ఇంటి నుంచే,” అన్నాడు ఎల్మెర్.

“ఇంటి ముందు శవపేటిక పెట్టుకుని ఇంటి నుంచే అంటావేం, మానొంగ్?” అని అన్న వరసైనవాణ్ణి నిలదీసింది లోర్నా. “ దార్లో ఎక్కడైనా ఆగారా?”

అన్నాచెల్లెళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. చావింటి నుంచి తిన్నగా ఏ ఇంటికీ పోకూడదు. నడుమ ఎక్కడో ఒకచోట దిగి, వెంట వచ్చినదానిని అక్కడ దులుపుకుని మరీ పోవాలి. పుట్టి బుద్ధెరిగిననాటి నుంచి పాటించిన పద్ధతి.

“పసిబిడ్డ ఉన్న ఇల్లు. ఏమనుకోకండి. ఎక్కడైనా కాసేపు దిగి రండి, ఆ తర్వాత ఇల్లంతా మీదే,” అంది లోర్నా, బిడ్డ తలకు చేయి అడ్డుపెట్టి.

మారిడెల్‌కు కోపం రాలేదు. లోర్నా స్థానంలో తానున్నా అదే చేసేది. బండి ఎక్కుతూ ఎల్మెర్ తల కొట్టుకున్నాడు. “నువ్వా పాటగత్తెవి, నేనా బండివాణ్ణి. మరి బుర్ర మనిద్దర్లో ఎవరికిచ్చాడే దేవుడు?”

మూడు దాటింది. పెద్ద రోడ్డు మీదికి రాగానే కనబడిన మొదటి అంగడి ముందు బండి ఆపాడు. అది ఫోం పరుపుల దుకాణం. అద్దాల తలుపు వెనుక మూసుకున్నదో లేదో, రోడ్డు మోత మొత్తం నీట మునిగిన రాయిలా అణగిపోయింది. నాలుగు గోడల పొడవునా కప్పు దాకా పేర్చిన పరుపులు. మారిడెల్ నిలుచున్నచోటనే నిలిచిపోయి చప్పట్లు చరిచింది. ఆ చప్పుడు అరచేతులు దాటి పోలేదు.

“సింగిలా, డబులా?” అంటూ యజమాని వచ్చాడు. ఆంగ్ అనే ఉబ్బసపు పెద్దమనిషి.

“ఏమీ వద్దు సర్. చావింటి నుంచి వస్తున్నాం. కాసేపు నిలబడి పోతాం,” అన్నాడు ఎల్మెర్.

“ఓహో! దెయ్యాన్ని నా కొట్లో వదిలేసి పోదామనా? కానివ్వండి. అది కూడా మెత్తటి చోటే చూసుకుంటుంది.”

మారిడెల్ ముందుకు వచ్చి, “సర్, ఒక్క పాట పాడుకోనిస్తారా?” అని అడిగి, సంగతంతా చెప్పింది. ఆయన గోడ గడియారం వంక, గిటారు వంక చూసి, వెళ్ళి తలుపుకు అడ్డంగా నిలుచున్నాడు.

ఎల్మెర్ ఫోనును దిండ్ల దొంతి మీద నిలబెట్టి గిటారు మీటాడు. మారిడెల్ మొదటి చరణం ఎత్తుకోగానే గుండె జారింది. గొంతులోంచి వెలువడిన స్వరం వెలువడినట్టే పోతున్నది. తిరిగి రావడం లేదు. వీధిలో పాడినప్పుడు రేకులు, గోడలు, ఎదుటి కిటికీలు దానిని అందుకుని మళ్ళీ అందించేవి. పరుపులు అందుకుని తమ దగ్గరే ఉంచుకున్నాయి. ఇంత ఒంటరిగా ఆమె ఎన్నడూ పాడలేదు. అప్పుడామెకు తట్టింది: తన పాట ఇంతకాలమూ ఒక్క గొంతు మీద నిలవలేదని, ఎందరి భుజాల మీదనో ఊరేగిందని. దుఃఖం రాలేదు. తీరని బాకీ ఏదో గుర్తుకు వచ్చి, అది తీరకపోవడమే బాగున్నట్టు తోచింది. లోలా కొన్సింగ్ ఎదురుగా పీట మీద కూర్చుని ముద్దలు చుడుతున్నదనుకుని, ఆమెకు వినబడేటంత మాత్రమే పాడింది. గొంతు నిలకడపడింది.

రెండవ చరణం నడుమ, ఎంతసేపటి నుంచి బిగబట్టినాడో పాపం, ఆంగ్ దగ్గాడు. ఒక్కటే దగ్గు గాని ఆ నిశ్శబ్దంలో టపాకాయలా పేలింది. మారిడెల్ కంఠం తొణకలేదు. పాట చివరంటా నడిచింది.

“మళ్ళీ పాడదామా? టైముంది,” అన్నాడు ఎల్మెర్ గుసగుసగా. ఆంగ్ ముఖం నేరస్థుడిలా మాడిపోయి ఉన్నది.

మారిడెల్ ఆలోచించింది. “వద్దన్నా. ఆపకుండా పాడమన్నారు. ఆపకుండానే పాడాను. పంపెయ్.”

సెలవు తీసుకుంటుండగా ఆంగ్ బొంగురు గొంతుతో అన్నాడు: “ఉద్యోగం వస్తే, పరుపులు నా దగ్గరే కొనమని ఆ హోటలువాళ్ళకి చెప్పు. రాకపోతే నా పేరెత్తకు.”

దీపాలు పెట్టే వేళకు మారిడెల్ మళ్ళీ డేరాలో పల్లీల పళ్ళెం పట్టుకుని తిరుగుతుండగా ఫోను మోగింది. ఒక చెవి మూసుకుని గోడ పక్కకు నడిచింది.

“ఆ దగ్గిందెవరు?” అన్నాడు డెల్ఫిన్, పలకరింపు కూడా లేకుండా.

“పరుపుల కొట్టు ఓనరు, సర్.”

అవతల నవ్వు వినబడింది. “మిగతావాళ్ళు మచ్చ లేకుండా పంపారమ్మా. ఎక్కడ అతికారో కూడా తెలీనంత నున్నగా ఉన్నాయి. మా దగ్గర జనం దగ్గుతారు, పిల్లలు ఏడుస్తారు, పాట మధ్యలో గ్లాసులు పగులుతాయి. నీ శ్రుతి కదల్లేదు. నెల రోజులు పాడి చూడు. నువ్వు మాకు నచ్చాలి, మేం నీకు నచ్చాలి. ఏమంటావు?”

ఏమన్నదో ఆమెకు తరువాత గుర్తు లేదు. పళ్ళెంలోని పల్లీలు సగం నేలపాలై ఉన్నాయి. తిన్నగా వెళ్ళి మెర్లిండా చెవిలో చెప్పింది. మెర్లిండా ఆమె బుగ్గలు రెండూ పట్టుకుని, పేటిక వైపు తిప్పి, “అమ్మా, విన్నావా?” అంది. మరుక్షణం గొంతు తగ్గించింది.

“ఇందాయ్, నాకో సాయం చెయ్యి. ఇన్ని రోజుల్నుంచి వీళ్ళంతా నా తల్లి కోసం నిద్ర మానుకుని కూర్చున్నారు. చావింటిదాన్ని, నేను ఎవరికీ కృతజ్ఞత చెప్పకూడదు. నాలుక దురద పెడుతోంది. నువ్వు చెప్పొచ్చుగా? నీకెలాగూ చెప్పాల్సింది ఉంది. అందులో నాదీ కలిపేసి చెప్పు.”

మారిడెల్ కాఫీ కూజా అందుకుని మొదటి బల్ల దగ్గరకు వెళ్ళింది. చెప్పవలసిన మాటలు గొంతు దాకా వచ్చి గుంపు కట్టాయి. ఏది ముందో తెలియక, చివరికి అందరూ అనే మాటే అన్నది.

“చాలా థాంక్స్, మానొంగ్. అన్నిటికీ.”

తిబుర్సియో పేకముక్కలు బోర్లించి ఆమె వంక ఎగాదిగా చూశాడు. “ఎన్నిటికి? నేను చేసిందేముంది? నోరు మూసుకోవడమూ ఒక పనేనా?” అని కప్పు ముందుకు జరిపాడు. “పోయి, పక్క బల్లకి చెప్పు. పంచదార ఎక్కువెయ్యి.”

ఆమె పంచదార ఎక్కువ వేసి పక్క బల్లకు నడిచింది.