చిన్నమ్మ పాడిన పెళ్లికూతురి జవాబు

మా చిన్నమ్మ పోయిందని బాగేపల్లి నుంచి వచ్చిన బస్సు కండక్టరు చెప్పాడు. గుడిబండెలో మా అంగడి ముందు బస్సాపి, "అమ్మా, మీ చిన్నమ్మ తెల్లార్జామున పోయిందంట. మధ్యాన్నానికే ఎత్తేస్తాండారు, జల్దీ పోండి" అన్నాడు. నేను చేరేసరికి ఇంటి ముందు తడి నేల మాత్రమే మిగిలింది.

ఆమె మా అమ్మ చెల్లెలు. మా వైపు పెళ్లిళ్లలో శోభనం గది తలుపు దగ్గర ఆడవాళ్లు పాడే పాటలన్నీ ఆమెకు నోటికొచ్చు. పెళ్లికొడుకు తరఫున కొందరు పాటలో అడుగుతారు. పెళ్లికూతురి తరఫున ఆమె జవాబు చెప్పేది. ఎందుకు తల వంచావంటే, నీ ముఖం చూస్తే చెప్పాల్సిన మాట మరచిపోతానని. దీపం ఆర్పనా అంటే, తగ్గించు గానీ ఆర్పొద్దు, నువ్వు నవ్వుతున్నావో లేదో నాకు తెలియాలని. విన్నవాళ్లు కొంగు నోట్లో కుక్కుకునేవాళ్లు.

ఇవేం సిగ్గులేని పాటలని ఒకసారి అడిగాను. ఆమె శనక్కాయలు ఒలుస్తూనే, "సిగ్గుండాది గాబట్టే పాటుండాది పాపా. ఆ బిడ్డ నోరు తెరవలేదు. దాని బదులు మేం చెప్తాండాం. లోపలుండే మగోడు వినాల గదా" అంది.

చిన్నాయన చేలో పాము కరిచి చనిపోయేనాటికి ఆమెకు ముప్పై నిండలేదు. ఆ తర్వాత పాడొద్దని ఆమెతో ఎవరూ అనలేదు. పిలవలేదు, అంతే. పెళ్లింట్లో ఆమె చోటు వెనక వసారాలో, రోటి దగ్గర.

నా పెళ్లినాటికి నాకు పదహారేళ్లు. ఆయన ముఖం కూడా సరిగా చూడలేదు. గది ముందు నన్ను కూర్చోబెట్టి పాట ఎత్తుకున్నారు. అడిగేవాళ్లు అడిగారు. జవాబు ఎవరికీ రాలేదు. అప్పుడు వసారా నుంచి సన్నగా చిన్నమ్మ గొంతు వినిపించింది. చరణమైనా పూర్తికాకముందే మా నాయనమ్మ విసురుగా లేచి వెళ్లింది.

"నీ మొగుణ్ణి మింగితివి, ఈ బిడ్డ మొగుణ్ణీ మింగల్లనా? మూసుకో నోరు!"

నేనక్కడే ఉన్నాను. ఒక్క మాట అనలేదు. నాయనమ్మ అన్నది నిజమేమోనని నాకూ భయమేసింది. ఆ సంగతి నన్నిప్పటికీ తింటూనే ఉంది. పాట సగంలో ఆపేసి నన్ను లోపలికి పంపి తలుపు వేశారు.

మర్నాడు ఎవరూ లేనప్పుడు చిన్నమ్మ నా జడ విప్పి దువ్వుతూ, "ఆయప్ప మంచోడేనామ్మా?" అంది. తలూపాను. ఆ మాట నన్నడిగింది ఆమె ఒక్కతే.

పోయిన నెల ఆమెను చింతామణి ఆస్పత్రిలో చేర్చారు. కడుపులో గడ్డ. ఇంటికి తీసుకుపొమ్మని డాక్టరు చెప్పేశాడు. ఆ సాయంత్రం మంచం పక్కన కూర్చుని, "చిన్నమ్మా, ఆ పొద్దు నా పెళ్లిలో నేను నోరు తెరవలేదు" అన్నాను.

"యాడ తెరుస్తావు, పెళ్లికూతురివి" అంది.

ఆ జవాబు ఇప్పుడు పాడమన్నాను.

"నా నోటా?" అంది. తర్వాత తనే, "మా శోభనం దినం మీ చిన్నాయన నన్నే పాడమన్నాడు. సిగ్గుతో చస్తి. గోడకు తిరుక్కోని పాడితి" అంది.

కష్టం మీద గోడవైపు ఒత్తిగిల్లి, దుప్పటి ముఖం మీదికి లాక్కుని, మొదలుపెట్టింది. ఊపిరి అందక ఆగుతూ, మళ్లీ ఎత్తుకుంటూ. పక్క మంచాల ఆడవాళ్లు దగ్గు బిగబట్టుకుని వింటున్నారు. దుప్పటి బయట, పగుళ్లు తేలిన ఆమె పాదం ఒకటి ఇనుప మంచం మీద మెల్లగా తాళం వేస్తోంది.