తెరవైపు చూడని అక్క

మూగ సినిమాల రోజుల్లో ఓ సినిమా కంపెనీ వాళ్లంతా ఆమెను నవ్వులక్క అనేవారు. హాస్య చిత్రం విడుదలకు ముందు ఊళ్లోవాళ్లను పిలిచి ఉచితంగా ఆట వేసేవారు. అక్క మాత్రం తెర ముందు స్టూలు వేసుకుని, తెరకు వీపు పెట్టి, ఆ వెలుతురులో జనం మొహాలు చూసేది. నవ్వితే కాగితం మీద గీత, పగలబడి నవ్వితే సున్నా. ఏడేళ్లుగా అదే పని. హీరో తన సొంత తమ్ముడైనా సరే, ఒక్క గీత ఎక్కువ పెట్టిన పాపాన పోలేదు. ఆ నిజాయితీకి దండం పెట్టాలి.

ఓ మధ్యాహ్నం ఆ తమ్ముడి కొంపే మునిగేలా ఉంది. తెర మీద సున్నం బకెట్టుతో సహా అతను నిచ్చెన మీంచి పడితే హాల్లో ఒక్కరూ నవ్వలేదు.

"ఆ సీను కోసి పారెయ్! పడటం కూడా చేతకానివాడికి ఇంకో సినిమా ఎందుకిస్తాను?" అని యజమాని ఎడిటర్ మీద ఎగిరాడు. తలుపు దగ్గర తమ్ముడు తల వంచుకున్నాడు. నడుం విరగ్గొట్టుకున్నవాడికి దక్కిన మర్యాద అది!

"కొయ్యాల్సింది సీను కాదండీ, మీరు రాసిన అట్ట," అంది అక్క.

బొమ్మల మధ్య అక్షరాలు చూపించే అట్టలు రాయడం యజమానికి మహా సరదా. తమ్ముడు పడీ పడగానే 'అయ్యో పాపం, పడిపోయాడు!' అని ఒకటి తగిలించాడు. అక్కడికి జనానికి కళ్లు లేనట్టు.

"చదువొచ్చినవాళ్లు పక్కవాళ్లకి చదివి చెప్తున్నారు. నవ్వాల్సిన నోళ్లన్నీ చదువుతుంటే ఇంకెవరు నవ్వుతారండీ?"

"తమ్ముణ్ణి వెనకేసుకొస్తున్నావా?"

"రేపు అట్ట తీసేసి వెయ్యండి. అప్పుడూ నవ్వకపోతే వాడితోపాటు నేనూ మానేస్తా."

యజమాని మొహం ముడుచుకున్నాడు గానీ, ఆమె కాగితాన్ని కాదనే ధైర్యం ఆయనకు ఏనాడూ లేదు.

మర్నాడు కొత్త జనం వచ్చారు. తెర పక్కన వాయించే పియానో జోరందుకుంది, తమ్ముడు నిచ్చెన ఎక్కుతున్నాడన్నమాట. అక్క పెన్సిలు పట్టుకుని మొహాల వైపు వంగింది. అంతలో హాలంతా గొల్లున నవ్వింది. వెనక వరుసలో యజమాని కళ్లు తుడుచుకుంటున్నాడు. అక్క అంత పెద్ద సున్నా ఎప్పుడూ చుట్టలేదు.

ఆట అయ్యాక తమ్ముడు పరుగున వచ్చాడు. "అక్కా, ఎలా పడ్డాను?"

"నాకేం తెలుసురా, నేనెప్పుడు చూశాను? మూడో వరుసలో తాతగారు కుర్చీలోంచి జారిపోయారు. నువ్వూ బాగానే పడుంటావు."