చప్పుడు లేని సీను

రెండేళ్ళ నా కొడుకు గొంతు వినిపించడం లేదని చీకట్లో గుర్తించిన క్షణాన నాకు భయం పుట్టింది. జలుబు చేసిన పిల్లవాడు అంతసేపు ఊరుకోడు.

దోహాలో ప్రపంచ కప్ స్టేడియాలు లేస్తున్న రోజులవి. ఆ నగర శివారు ముఐథర్‌లో, ప్లైవుడ్ గోడలతో గదులుగా విడగొట్టిన విల్లాలో ఉండేవాళ్ళం. అలా విడగొట్టడం నిషేధం. నేను ఇంటి నుంచే విదేశీ సీరియళ్ళకు తెలుగు సబ్‌టైటిళ్ళు రాసేదాన్ని. అప్పుడు చేతిలో ఉన్నది నాజీల కాలంలో బెర్లిన్‌లో చిక్కుకుపోయిన ఒక యూదు కుటుంబం కథ. పాత్ర నోరు తెరిచినప్పుడే తెర మీద అక్షరం పడాలి, మాట ఆగగానే పోవాలి. దాన్ని టైమింగ్ అంటాం. అందుకే ఒక్కో సీను పదేపదే వేసుకుంటాం. ఆ సాయంత్రం సీనులో సైనికులు తలుపు బాదుతుంటే, తల్లి పిల్లలిద్దరినీ బట్టల అల్మారాలోకి పంపి, తమ్ముడి నోరు మూసి ఉంచమని అక్కకు సైగ చేస్తుంది. ఏడుపులూ అరుపులూ నా హెడ్‌ఫోన్లలోనే ఉన్నాయి. వెనక ఆడుకుంటున్న ఆరేళ్ళ కూతురికి మాత్రం బొమ్మ కనిపిస్తూనే ఉంది.

పక్క గదిలో ఉండే ఓబులేసు, కడప నుంచి వచ్చిన హౌస్ డ్రైవర్, తలుపు తట్టాడు. "అక్కా, బలదియా వాళ్ళొచ్చినారు. లైటు ఆర్పేయ్." మున్సిపాలిటీ తనిఖీ వస్తే మా విల్లాలో అందరూ చేసేది అదే: చీకటి చేసి, ఎవరు పిలిచినా పలకకుండా కూర్చోవడం. దొరికితే గది పోతుంది. పిల్లలకూ అదే నేర్పాం. లైటు ఆర్పేశాను. బూట్ల చప్పుడు మా తలుపు ముందు ఆగింది.

అప్పుడు తెలిసింది, గదిలో ఏ చప్పుడూ లేదని. లైటు వేస్తే ఇద్దరూ కనపడలేదు; ఆ సీను గుర్తొచ్చి అల్మారా తెరిచాను. కూతురు తమ్ముణ్ణి ఒళ్ళో అదిమి, నోరు మూసి పట్టుకుంది. జలుబుతో వాడి ముక్కు ముందే మూసుకుపోయి ఉంది. పెదవులు నల్లబడ్డాయి. చెయ్యి లాగేస్తే దగ్గి, ఏడ్చాడు.

"సప్పుడు చెయ్యొద్దన్నవు గద మమ్మీ," అంది. "టీవీల అక్క గిట్లనే పట్టింది."

బిడ్డను ఎత్తుకుని నేనే తలుపు తీశాను. లోపలికి చూసిన అధికారి, ముందుగా వాడికి గాలి తగలనివ్వమన్నాడు. తర్వాత గోడలు పరిశీలించి, గది ఖాళీ చేయాలని చెప్పి వెళ్ళాడు. మేం ఊరికి ఇంకో వైపున్న మెసైమీర్‌కు మారాం.

ఆ తర్వాత, ఆ పని మానేసేవరకు, నా స్క్రీన్ పిల్లలకు కనిపించేలా ఉండేది కాదు. నా వీపు గోడకు ఆనించి కూర్చునేదాన్ని. మాట వినపడకపోయినా బొమ్మ చెప్పాల్సింది చెప్పేస్తుందని ఆ రోజు నేర్చుకున్నాను. ఇది రాస్తూ కూడా ఒకసారి లేచి, నిద్రలో ఇద్దరి ఊపిరీ చూసి వచ్చాను.

తనిఖీ జరిగిన మర్నాడు పొద్దున, టీవీలో ఆ పిల్లలు సైనికులకు దొరికారా అని కూతురు అడిగింది. దొరికారని చెప్పాను. వాళ్ళను వెతికినవాళ్ళు చంపడానికి వెతికారని, మన ఇంటికి వచ్చినవాళ్ళు గోడలు చూడటానికి వచ్చారని చెప్పాను.

"ఇగ తలుపు ఎవరు కొట్టినా దాక్కోవద్దు బిడ్డా. నా దగ్గరికి రా. తమ్ముణ్ణి ఏడ్వనియ్యి."