దొర తీసిన బొమ్మకు నేను చెప్పిన కథ

గల్ఫులో, రువైస్ ప్లాంటు కట్టే క్యాంపులో శుక్రవారం మధ్యాహ్నం భోజనాలయ్యాక మెస్ హాలు కిటికీలకు దుప్పట్లు కట్టేవాళ్లం. అందరూ వెలుతురు కోసం కష్టపడితే, వెలుతురు పోవాలని అంత కష్టపడేది మేమే. ఆ చీకట్లో నేను ప్రొజెక్టర్ తిప్పేవాణ్ని.

నేను వచ్చింది హెల్పర్ వీసా మీద, ఎండలో పరంజా కట్టడానికి. ఊళ్లో ఉన్నప్పుడు టూరింగ్ టాకీస్‌లో ఆపరేటర్‌గా చేశాను. ఒకరోజు స్టాఫ్ క్లబ్బులో ప్రొజెక్టర్ మొరాయిస్తే, ఇరుక్కున్న ఫిల్ము విడిపించి ఇచ్చాను. మర్నాటి నుంచి నా కొలువు నీడపట్టుకు మారింది. నిజం చెప్పొద్దూ, అంత సుఖపడ్డ రోజులు నా జన్మలో తక్కువ.

క్యాంపు వ్యవహారాలు చూసే ముదీర్, అంటే మేనేజరు, ఇంగ్లండు మనిషి. ఆయనకు తన దేశపు సినిమా డైరెక్టర్ ఒకాయనంటే భక్తి. అబుదాబి నుంచి ఎప్పుడూ ఆయన సినిమాలే తెప్పించేవాడు. అన్నీ ఇంగ్లీషే. అందుకని తెర పక్కన నిలబడి హిందీలో కొంత, తెలుగులో కొంత కథ చెప్పడం కూడా నా పనే అయింది. నాకొచ్చిన ఇంగ్లీషు పదిహేను ముక్కలు. కనబడింది చెప్పేవాణ్ని, కనబడనిది కల్పించేవాణ్ని. ఆ మాటకొస్తే కల్పించిందే బాగుండేది.

ఒక వారం నడిసముద్రంలో ఓడలు కాలిపోయే యుద్ధం. తర్వాతి వారం పాడుబడ్డ బంగళాలో దయ్యం. ఆ తర్వాత దొంగల మీద హాస్యం, ఆ పైన బడిపిల్లల పాటలు. అన్నింటి మొదట్లోనూ అదే పేరు. మన దగ్గర పౌరాణికాలు తీసేవాడు పౌరాణికాలే తీస్తాడు. ఒక్క మనిషి ఇన్ని రకాలు ఎలా తీస్తాడని క్యాంపంతా వాదులాడుకుంది. మా ఊళ్లలో తాత పేరు మనవడికి పెట్టడం రివాజు. కాబట్టి యుద్ధం తాతదనీ, పాటలు మనవడివనీ తేల్చేశారు. నేనూ పెద్దమనిషిలా తలూపాను.

మా గదిలో మా పక్క ఊరి అన్న ఒకాయన ఉండేవాడు. ఆయన భార్య పోయిన సంగతి చెప్పే ఉత్తరం ఇక్కడికి చేరేసరికి అక్కడ పెద్దకర్మ కూడా అయిపోయింది. తర్వాత కొన్నాళ్లకు ఒక సినిమాలో ఓడ కెప్టెన్ భార్య చనిపోయింది. నేను ఆలోచించకుండా, గొంతెత్తి, "గాయన పెండ్లాం సచ్చిపోయింది" అన్నాను. అన్న లేచి బయటికి పోయాడు. రెండు రోజులు మెస్సుకు రాలేదు. నా నోటిని నేనే తిట్టుకున్నాను. అప్పటినుంచి నా సినిమాల్లో ఎవరి భార్యా చావలేదు. తెర మీద చస్తే చావనీ, నా మాటల్లో పుట్టింటికి పోయేది.

ఇంగ్లీషు తెలిసిన స్టోర్‌కీపర్‌కు ఇది గిట్టలేదు. వీడు సినిమాకో అబద్ధం చెప్తున్నాడని ముదీర్ చెవిన వేశాడు. సరిగ్గా అప్పుడే ఆ డైరెక్టరే మా ప్లాంటు మీద ఒక చిన్న బొమ్మ తీయడానికి రువైస్ వచ్చాడు. ముదీర్ నన్ను పిలిచాడు. శుక్రవారం డైరెక్టరు సాబ్ హాల్లో కూర్చుంటాడనీ, రెండో ప్రపంచ యుద్ధంలో మన సిపాయిలతో పనిచేసినవాడు గనుక హిందుస్తానీ ఆయనకు తెలుసనీ, నా కథ తప్పని ఆయన చెప్తే శనివారం నుంచి మళ్లీ పరంజా ఎక్కాలనీ చెప్పి, "ఖలాస్" అని మాట తెంచేశాడు.

వచ్చిన సినిమాను ముందే ఒకసారి వేసి చూసుకున్నాను. అందులో పోస్టుమాస్టరు భార్య మూడో రీలులో చనిపోతుంది.

ఆ శుక్రవారం ఉన్నది ఉన్నట్టు చెప్పాలనే తెర పక్కన నిలబడ్డాను. పరంజా మీద ఎండ ఏమిటో నాకు తెలుసు. డైరెక్టరు దొర మా వాళ్ల మధ్య బెంచీ మీద కూర్చున్నాడు. తెల్లజుట్టు, దుమ్ము కొట్టిన బూట్లు. ముందు వరసలో అన్న. మూడో రీలులో నల్లకోట్ల వాళ్లు నలుగురు పెట్టె మోసుకుంటూ వచ్చారు. అన్న మొహం చూశాను. "పుట్టింటికి పోతున్నది, అది ఆమె బట్టల పెట్టె" అన్నాను, రెండు భాషల్లోనూ. అంతే, ఇక దొంగకు తేలు కుట్టినట్టు నిలబడ్డాను.

ఆట అయ్యాక దొర నా దగ్గరికి వచ్చి, పాతకాలపు సిపాయి హిందీలో మెల్లగా, "ఆమెను పుట్టింటికి ఎందుకు పంపావు?" అని అడిగాడు. అన్నను చూపించి ఉన్న మాట చెప్పేశాను. ఆయన తిరిగి అన్న వైపు చూశాడు.

ఈలోగా మావాళ్లు మూగి, "సాబ్, మీరు తాతనా, మనుమడా?" అని అడిగారు. సంగతి తెలిసి ఆయన బెంచీ మీద కూలబడి మరీ నవ్వాడు. "అన్నీ నేనే. మొదట ఫిల్ము ముక్కలు అతికించేవాణ్ని. తర్వాత యుద్ధం తీయమంటే యుద్ధం, దయ్యం తీయమంటే దయ్యం. ఇప్పుడు మీ పైపులు. మీకు రోజూ ఒకటే పనా?" అన్నాడు. మాకూ నిన్న సిమెంటు, ఇవాళ రంగులు, రేపు కందకాలు. మా వాళ్లకు వెంటనే అర్థమైంది. "గట్లనా! సాబ్ గూడ మనలెక్క హెల్పరే" అని ఒకడన్నాడు. ఆ మాట ఆయనకు తెగ నచ్చింది.

అప్పుడు ముదీర్ వచ్చాడు, వెనక స్టోర్‌కీపర్. నేను కథ సరిగ్గా చెప్పానా అని దొరను ఇంగ్లీషులో అడిగాడు. నా పదిహేను ముక్కల్లో ఆ ప్రశ్నా ఉంది, దొర ఇచ్చిన జవాబూ ఉంది.

"ఎవ్రీ వర్డ్" అన్నాడాయన.

ఆ రోజు చాయ్ ఎంత తియ్యగా ఉందో! గదికి నడుస్తూ అన్నతో గొప్పలు పోయాను. ఇంత మంది కళ్లు కప్పానని విర్రవీగాను. అన్న నా భుజం మీద చెయ్యి వేశాడు.

"శవప్పెట్టె గుర్తువట్టనా తమ్మీ? హాలంతా గుర్తువట్టింది. పుట్టింటికి పోయిందంటే ఇనబుద్ధయితది. వచ్చే శుక్రారం గూడ గట్లనే చెప్పు."